బాగెఆంలోని ఈజిప్టు స్త్రీ

యాలాల్ నుండి గాని, ఆ చుట్టుపట్ల కాగ్నా ఒడ్డు పల్లెల నుండి గాని హైదరాబాదు రాదలచినవారు తాండూరులో రైలెక్కి నాంపల్లిలో దిగుతారు. వాడీ నుండి సికింద్రాబాదు వరకు నిజాము రాజ్యంలో 1874 నాటికి వేసిన రైలుదారి అది. స్టేషను నుండి కాలినడకన పోదగిన దూరంలో పబ్లిక్ గార్డెన్సు, పాతకాలపువారి నోట బాగెఆం, అందులో పురావస్తు ప్రదర్శనశాల ఉన్నవి. బడిపిల్లలను వెంటబెట్టుకొని వచ్చే ఉపాధ్యాయులకు ఒక సంగతి అనుభవమే. శాసనాలను, నాణేలను, బుద్ధ విగ్రహాలను పిల్లలు చకచక దాటిపోతారు. అజంతా చిత్రాల నకళ్ళ ముందు కూడా వారి కాలు నిలువదు. లోపల అడుగు పెట్టినది మొదలు వారు అడిగేది ఒకే మాట: "మమ్మీ ఏదీ?"

ఆ మాట అమ్మను పిలిచే ఇంగ్లీషు ముద్దుమాటతో కలిసిపోయి పిల్లలు నవ్వుకోవడం కూడా మామూలే. కాని గాజుపేటిక దగ్గరకు రాగానే నవ్వు ఆగిపోతుంది. అవిసెనార బట్ట పేలికలతో తల మొదలు పాదం వరకు చుట్టిన మానవ దేహం అది. పైన రంగుల అట్టకవచం. బట్టను సుద్దతో పొరలు పొరలుగా అంటించి, ఆరిన తరువాత దానిపై దేవతల బొమ్మలు వ్రాసేవారు. కొయ్యబొమ్మకు మక్కు మెత్తి రంగులు దిద్దే కొండపల్లి పనివారిని చూచినవారికి ఈ పనితనం మరీ వింతగా తోచదు.

ఈ దేహం హైదరాబాదు చేరిన కథ పలువురు ఎరిగినదే. ఆరవ నిజాం మీర్ మహబూబ్ అలీఖాన్ అల్లుడు నజీర్ నవాజ్ జంగ్ 1920లో దీనిని వెయ్యి పౌనులకు కొన్నాడు; తెచ్చి ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్‌కు సమర్పించినాడు. 1930లో ఏడవ నిజాం దానిని అప్పుడే రూపొందుతున్న ప్రదర్శనశాలకు ఇచ్చినాడు. ఆనాటి పురావస్తు శాఖాధిపతి గులాం యజ్దానీ. నుమాయిష్ అని మనం నేటికీ పిలిచే ప్రదర్శన 1938లో మొట్టమొదట జరిగినది కూడా ఈ తోటలోనే కనుక, బట్టలు, బొమ్మలు కొనవచ్చిన జనంలో పలువురు ఈ గది కూడా చూచి పోయి ఉంటారని ఊహించడం కష్టం కాదు.

దేహంతోపాటు ఒక పేరు, ఒక బిరుదు కూడ వచ్చినవి. పేరు నైషు. బిరుదు రాజకుమారి, ఆరవ ఫరో కుమార్తె అని వాడుక. జనానికి గుర్తుండేది ఈ బిరుదే. పల్లెకు తిరిగి వెళ్ళినవాడు "ఈజిప్టు శవాన్ని చూచినాను" అనడు, "ఈజిప్టు రాజు కూతురిని చూచినాను" అంటాడు. చచ్చినవారిని వేడుకగా చూపడమనే వృత్తాంతం మొదలైనప్పటి నుండి ఈ బిరుదులు వెంటవచ్చినవే. అందుచేత వెయ్యి పౌనుల కథను కాసేపు పక్కన పెట్టి, ఆ వేడుక ఎట్లా పుట్టినదో ముందుగా చూడవలసి ఉన్నది.

ప్రాచీన ఈజిప్టు కళేబరాన్ని ఐరోపా మొదట చూచినది వేడుకగా కాదు, మందుగా. పారశీకంలో మూమ్ అనగా మైనం. మూమియా అనగా కొండచరియలలో ఊరే నల్లని కీలు వంటి పదార్థం. విరిగిన ఎముకలకు, దెబ్బలకు యునానీ వైద్యులు దానిని వాడేవారు. ఉర్దూలో మోమియాయి అంటే నేటికీ శిలాజిత్తు వంటి మందే. ఈజిప్టు దేహాలపై పూసిన నల్లని బంకను చూచి ఇదీ మూమియాయే అనుకున్నారు. ఆ పొరపాటు ముదిరి, బంక పేరు దేహానికి వచ్చినది. చివరకు దేహాన్నే దంచి పొడిచేసి మందుల అంగళ్ళలో అమ్మినారు. ఫ్రాన్సు రాజు మొదటి ఫ్రాన్సిస్ ఆ పొడిని వెంట ఉంచుకొనేవాడని చెప్తారు. 16వ శతాబ్దంలోనే ఆంబ్రోయిజ్ పారే అనే శస్త్రవైద్యుడు దీనివల్ల మేలు లేకపోగా కీడు కలదని ఖండించినాడు గాని, బేరం ఆగలేదు. మిగిలిన పొడిని చిత్రకారులు గోధుమవన్నె రంగుగా వాడుకొన్నారు. ఎడ్వర్డ్ బర్న్-జోన్స్ అనే ఆంగ్ల చిత్రకారునికి తన రంగుగొట్టంలో ఉన్నది ఏమిటో ఆలస్యంగా తెలిసినది. తెలిసిన వెంటనే ఆ గొట్టాన్ని తీసుకొనిపోయి పెరట్లో పూడ్చిపెట్టినాడు. ఈ వృత్తాంతమంతటిలో చచ్చినవారికి చేయవలసిన మర్యాద గుర్తువచ్చిన కొద్దిమందిలో ఆయన ఒకడు.

మందు వేడుకగా మారినది నెపోలియన్ ఈజిప్టు దండయాత్ర తరువాత. 1798లో అతడు సైన్యంతోపాటు పండితులను కూడ తీసుకొనిపోయినాడు. వారు తెచ్చిన చిత్రాలు, గ్రంథాలు ఐరోపాకు ఈజిప్టు పిచ్చి ఎక్కించినవి. ఆ పిచ్చిని తొలుత సొమ్ము చేసుకొన్నవాడు జొవాన్నీ బెల్జోనీ. ఇటలీలోని పాడువాలో 1778లో పుట్టిన ఈ భారీకాయుడు లండనులో సర్కసు ఆటగాళ్ళవలె మనుషులను భుజాలపై మోస్తూ పొట్టపోసుకొన్నవాడు. తరువాత ఈజిప్టు చేరి, 1817లో మొదటి సేతీ ఫరో సమాధిని కనుగొన్నాడు. 1821 మే 1న లండనులోని ఈజిప్షియన్ హాలులో ఆ సమాధి గదుల నకళ్ళను నిలిపి ప్రదర్శన తెరచినాడు. మొదటి రోజుననే సుమారు 1,900 మంది టిక్కెట్టు కొన్నారు. తెరవడానికి ముందు కొందరు వైద్యులను పిలిచి, వారి కన్నుల ఎదుట ఒక యువకుని మమ్మీ కట్లు విప్పించినాడు. ప్రకటన అక్కరలేకుండా ఊరంతా చెప్పుకొన్నారు. జాతరలో గుడారం బయట ఒక చిన్న ఆట ముందుగా ఆడించి జనాన్ని లోపలికి రప్పించే నేర్పు మన ఊళ్ళకూ కొత్త కాదు గదా.

బెల్జోనీని చూచి నేర్చుకొన్న శస్త్రవైద్యుడు థామస్ పెట్టిగ్రూ. విక్టోరియా రాణికి బాల్యంలో టీకా వేసినవాడీయనే. 1833 ఏప్రిల్ 6న చేరింగ్ క్రాస్ ఆసుపత్రి ఉపన్యాసశాలలో ఆయన బహిరంగంగా ఒక మమ్మీ కట్లు విప్పినాడు. అప్పటి నుండి ఆయనను జనం "మమ్మీ పెట్టిగ్రూ" అన్నారు. 1834 జనవరిలో రాయల్ కాలేజీ ఆఫ్ సర్జన్స్‌లో జరిగిన సభకు క్రిక్కిరిసిన జనంలో చోటు దొరకక కాంటర్బరీ ఆర్చిబిషప్పు అంతటివాడు వెనుదిరిగి పోయినాడు. పెట్టిగ్రూ కేవలం ఆటగాడు కాడు. అదే సంవత్సరం ఈజిప్టు మమ్మీల చరిత్రను గ్రంథంగా వ్రాసినాడు. కట్టుకట్టు విప్పుతూ చెప్పినవన్నీ జాగ్రత్తగా గమనించినవే. కాని విద్యకూ వేడుకకూ నడుమ గీత ఆ సభలో ఎక్కడ ఉన్నదో చెప్పడం కష్టం. సువాసన బంక గట్టిపడి కట్లు రానప్పుడు సుత్తి, ఉలి తెప్పించేవారు. రాయికి మాత్రమే తగిన పనిముట్లు అవి. ఆయన చేసిన పనులలో మరీ వింతైనది చివరిది: ఈజిప్టు పద్ధతిలో తనను భద్రపరచవలెనని కోరిన పదవ హామిల్టన్ డ్యూకు 1852లో మరణించగా, ఆ దేహాన్ని పెట్టిగ్రూ స్వయంగా మమ్మీగా చేసి ఈజిప్టు రాతిపేటికలో ఉంచినాడు. ఆ మమ్మీని మాత్రం ఎవరూ టిక్కెట్టు పెట్టి చూపలేదు.

అంతకు మునుపే గ్రాన్‌విల్ అనే మరొక వైద్యుడు 1825లో ఒక స్త్రీ మమ్మీని కోసి పరీక్షించి రాయల్ సొసైటీలో వివరించినాడు. ఆమె అండాశయపు వ్యాధితో మరణించినదని తేల్చినాడు. మమ్మీలో దొరికిన మైనమని తాను నమ్మిన పదార్థంతోనే కొవ్వొత్తులు చేయించి ఉపన్యాసశాలలో వెలిగించినాడట. ఒక ఆడమనిషి దేహంలోని ద్రవ్యం ఆమె కోతకే వెలుగైనది. ఇటీవలి శాస్త్రజ్ఞులు ఆ అవశేషాలను తిరిగి పరీక్షించి, 2009లో అందులో క్షయవ్యాధి జాడను కనుగొన్నారు. అనగా వైద్యుని తీర్పు కూడా మారవలసి వచ్చినది. ఆమె పేరు మాత్రం పేటికపై ఉన్నది కనుక మారలేదు. ఇర్త్యెర్సేను.

అమెరికాలో జరిగినది మన విషయానికి మరింత దగ్గర. కైరోలో దౌత్యోద్యోగం చేసిన జార్జి గ్లిడన్ 1850 జూనులో బోస్టను నగరపు ట్రెమాంట్ టెంపుల్‌లో ఉపన్యాసాలు ఏర్పాటు చేసినాడు. లోపల ఉన్నది థీబ్స్ నగర పూజారి కుమార్తె అని ముందుగా చాటించినాడు. పెద్ద పెద్ద పండితులు, కవులు, కుటుంబ స్త్రీలు టిక్కెట్లు కొని కూర్చున్నారు. కట్లు విప్పుతూ విప్పుతూ చివరి పొర తీసేసరికి అది పురుష దేహమని తేలినది. హాలంతా నవ్వు. పేటికలు తారుమారైనవని గ్లిడన్ తరువాత సంజాయిషీ వ్రాసుకొన్నాడు. పత్రికలు చాలాకాలం అతనిని వదలలేదు. మనకు మాత్రం నవ్వు రాదు. ఆ దేహం ఎవరిదైనా కావచ్చును; దానికి బిరుదు కట్టినవాడు దానిని చూచి కాక, కొనుగోలుదారులను చూచి కట్టినాడు. "పూజారి కుమార్తె" అంటే హాలు నిండుతుంది. "గడ్డం మాసిన గుమాస్తా" అంటే నిండదు.

బిరుదులేని చచ్చినవాటి గతి ఏమయినదో కూడ చూడవచ్చును. 1890లో సుమారు ఒక లక్షా ఎనభై వేల పిల్లి మమ్మీలు, పందొమ్మిది టన్నుల బరువు, ఓడలో లివర్‌పూల్ చేరినవి. అవి పూర్వం దేవతకు అర్పించినవి. వాటిని ఎరువుగా వేలం వేసినారు. వేలం పాడించినవాడు ఒక పిల్లి తలనే సుత్తిగా వాడినాడు. సమాధుల నుండి తెచ్చిన గోధుమలు నాటితే మొలిచినవన్న కట్టుకథ కూడ ఆ కాలంలోనే పుట్టి, యాత్రికులకు సంచులకు సంచులు అమ్ముడుపోయినది. యాలాల్, తాండూరు కంది రైతును అడిగితే నవ్వి ఊరుకొంటాడు. తాండూరు కందికి 2022లో భౌగోళిక గుర్తింపు వచ్చినది. ఆ విత్తనాన్ని కూడా నాలుగైదేళ్ళు దాచి నాటితే ఎన్ని మొలుచునో అతనికి తెలుసును. మూడువేల ఏండ్ల విత్తు మొలకెత్తదని వృక్షశాస్త్రజ్ఞులు పరీక్షించి చెప్పవలసిన అవసరం అతనికి లేదు.

ఈ పుటలలో ఐరోపావారు, అమెరికావారు తప్ప ఇంతవరకు ఈజిప్టువారు రాలేదు. వారు వచ్చే సన్నివేశం 1881లో జరిగినది. థీబ్స్ ఎదుటి కొండలలో అబ్ద్ అల్-రసూల్ కుటుంబంవారు ఒక రహస్య గుహను ఎన్నో ఏండ్లు దాచుకొని, అందులోని వస్తువులను కొద్దికొద్దిగా అమ్ముకొంటూ వచ్చినారు. అధికారులు పట్టుకొని లోపలికి దిగేసరికి, రెండవ రామ్సెస్, మొదటి సేతీ వంటి మహారాజుల దేహాలు వరుసగా కనబడినవి. ప్రాచీన పూజారులే దొంగల భయానికి వాటిని అక్కడ చేర్చినారు. వాటిని స్టీమరు ఎక్కించి నైలు నదిపై కైరోకు పంపినారు. దారి పొడవునా ఒడ్డు పల్లెల స్త్రీలు జుట్టు విరబోసుకొని, దుమ్ము తలపై చల్లుకొని శోకాలు పెట్టినారు. పురుషులు తుపాకులు పేల్చి అంత్యక్రియల మర్యాద చేసినారు. మూడువేల ఏండ్ల క్రిందట పోయినవారు. మతం మారినది, భాష మారినది. అయినా ఆ పల్లెవారికి పడవలో పోతున్నవి పురావస్తువులు కావు, శవాలు. మన ఊళ్ళలో పాడె ఎదురైతే పరిచయం లేనివాడైనా చెప్పులు విడిచి పక్కకు తొలగి నిలుస్తాడు. ఆ మర్యాదే అది. కైరో చేరినప్పుడు సుంకం గుమాస్తాకు మమ్మీకి ఎంత సుంకమో తెలియక, ఎండుచేప పద్దు కింద వసూలు చేసినాడని ఒక కథ కూడా చెప్పుకొంటారు. 1886 జూన్ 1న ఖెదీవ్ తౌఫీక్ సమక్షంలో రెండవ రామ్సెస్ కట్లు విప్పినారు. ప్రభుత్వం చేసినా వేడుక వేడుకే.

ఎక్సురే వచ్చిన తరువాత కట్లు విప్పే అవసరం తగ్గినది. 1896లోనే జర్మనీలో మమ్మీలను ఎక్సురే తీసినారు. 1903లో ఎలియట్ స్మిత్, హొవర్డ్ కార్టరు కలిసి నాలుగవ తుత్‌మోసిస్ ఫరోను కైరోలో గుర్రపుబండి ఎక్కించి ఒక ఆరోగ్యశాలకు తీసుకొనిపోయి ఎక్సురే తీయించినారు. మహారాజు కర్రవలె బిగుసుకొని ఉన్నందున బండిలో పట్టించడమే కష్టమైనదట. 1908 మేలో మాంచెస్టరులో మార్గరెట్ మర్రే అనే విదుషీమణి, వైద్యులను, రసాయనశాస్త్రజ్ఞులను తోడుగా పిలిచి, అయిదు వందల మంది ఎదుట ఒక మమ్మీ కట్లు విప్పినది. ఆనాడు కూడ కోరినవారికి బట్టముక్కలు పంచినారు. ఆమె పని శాస్త్రీయమే. బట్టముక్క పంపకం మాత్రం పాతకాలపు ఆనవాయితీ. కొత్తది వచ్చినంత మాత్రాన పాతది ఒక్క రోజున పోదు.

మన దేశానికి మమ్మీలు రావడం హైదరాబాదుతో మొదలు కాలేదు. కలకత్తా, లక్నో, బొంబాయి, బరోడా నగరాల ప్రదర్శనశాలలలోనూ ఇవి ఉన్నవి. జయపూరు ఆల్బర్ట్ హాలులోని తూతూ అనే స్త్రీ పూజారి కుటుంబానికి చెందినదంటారు. 2020 ఆగస్టులో కుండపోత వర్షానికి ఆ హాలులోకి వరదనీరు చొరబడగా, ఉద్యోగులు పరుగున పేటిక తెరచి ఆమెను పైకి ఎత్తవలసి వచ్చినది. నూటముప్పై ఏండ్లలో ఆమె పేటిక వెలుపలికి రావడం అదే మొదటిసారి. ఎడారి దేశంలో పుట్టి, మరొక ఎడారి రాష్ట్రానికి వచ్చి, నీళ్ళ వల్ల ఆపద తెచ్చుకొన్నది. పెద్ద పెద్ద సంస్థానాలు, పెద్ద నగరాలు తమ ప్రదర్శనశాలకు ఒక మమ్మీ లేనిదే నిండుదనం లేదని భావించిన కాలం అది. లండనులో ఉన్నది మన ఊళ్ళో కూడా ఉండవలెనన్న కోరిక. ఈజిప్టులో కూడా అప్పుడు లైసెన్సు ఉన్న వర్తకులు బహిరంగంగా అమ్మేవారు. కైరో ప్రదర్శనశాలకే ఒక అమ్మకపు గది ఉండేది. 1983 చట్టంతోగాని ఆ వర్తకం పూర్తిగా ఆగలేదు. నజీర్ నవాజ్ జంగ్ కొన్న 1920 నాటికి తుతాంఖామున్ సమాధి ఇంకా బయటపడలేదు. ఆ పిచ్చి లోకాన్ని ఊపినది 1922 తరువాతనే. వేలం వెర్రికి ముందే కొన్నందున, ఆయన ఉత్సాహం ఆయనదే అనవలెను.

ఇప్పుడు ఆరవ ఫరో కుమార్తె అన్న బిరుదు సంగతి. నైషు అని పిలువబడే ఈ దేహం క్రీ.పూ. 300కు, 100కు నడుమ కాలానిదని ప్రదర్శనశాల లెక్క. అది టాలమీ వంశపు గ్రీకు రాజులు ఈజిప్టును ఏలిన కాలం. ఈజిప్టు రాజులను మొదటి నుండి వరుసగా లెక్కించితే ఆరవవాడు క్రీ.పూ. 2900 ప్రాంతంవాడు అవుతాడు. అంటే తండ్రికీ కూతురికీ నడుమ రెండున్నర వేల ఏండ్లు! అంతేకాదు, ఆ ఆరవ ఫరో నాటికి పిరమిడ్లే లేవు. పోనీ, ఆరవ టాలమీ అని సర్ది చెప్పుకొందామా? ఆయన క్రీ.పూ. 180 నుండి 145 వరకు ఏలినాడు, కాలం అతుకుతుంది. కాని ఆయన కుమార్తెలుగా చరిత్రకు తెలిసినవారు క్లియోపాత్రా పేరుగలవారే. వారిలో ఒకతె సిరియా రాణి అయినది, మరొకతె ఈజిప్టు రాణి అయినది. నైషు అనే పేరు ఆ గ్రీకు కుటుంబంలో ఎక్కడా లేదు. ఆరవ నిజాం అల్లుడు కొన్నది ఆరవ ఫరో కుమార్తె కావడం కూడ మరీ కుదిరిన లెక్క. వర్తకులు కొనేవారి హోదాను బట్టి సరకుకు హోదా కట్టడం ఆ బజారులో వాడుకే. రాజబంధువుకు పాలేరు కూతురిని అమ్మజూపే తెలివితక్కువవాడు ఆ బజారులో నిలదొక్కుకొని ఉండడు.

బిరుదు తప్పయినంత మాత్రాన ఏమి నష్టమని కొందరు అడుగవచ్చు. ఒక సంఘటన చెప్పవలెను. 2000 అక్టోబరులో పాకిస్థానులో పోలీసులకు ఒక మమ్మీ పట్టుబడినది. బంగారు కిరీటం, వక్షంపై బంగారు రేకు, రేకుపై పారశీక లిపి. క్షయార్ష మహారాజు కుమార్తె అని వ్రాసి ఉన్నది. ఇరాన్ మాదంటే, పాకిస్థాన్ మాదన్నది. కరాచీ ప్రదర్శనశాలలో ఉంచినారు. కొన్ని నెలలకు పండితులు పరిశీలించి, లిపిలో తప్పులున్నవనీ, పేటిక కొయ్య కొత్తదనీ, దేహం 1996 ప్రాంతంలో మరణించిన స్త్రీదనీ తేల్చినారు. మెడ విరిగి ఉన్నది. ఆమె ఎవరో, ఎవరు చంపినారో తేలనే లేదు. అనాథ శవాలను సంరక్షించే ఒక ధర్మసంస్థ తుదకు ఆమె ఖననానికి పూనుకొన్నది. రాజకుమారి అన్న బిరుదు ఉన్నంతకాలం అందరికీ ఆమె కావలసి వచ్చినది. బిరుదు పోగానే హతురాలని తెలిసినా అడిగే దిక్కు లేకపోయినది. హైదరాబాదు దేహం అసలైన ప్రాచీన ఈజిప్టుదే. ఆ రెండింటికీ పోలిక లేదు. బిరుదు కప్పిపుచ్చగల సంగతులు ఎంతవరకు పోగలవో చూపడానికి మాత్రమే ఇది చెప్పవలసి వచ్చినది.

నైషు దేహం గాజుపేటికలోనే ఉంటూ కాలక్రమాన శిథిలమవుతూ వచ్చినది. ఉష్ణదేశం, వానకాలపు తేమ, తిండిపోతు సూక్ష్మజీవులు. ప్రాచీన ఈజిప్టువారు డెబ్బది రోజులు శ్రమించి, నాట్రాన్ ఉప్పులో ఆరబెట్టి, మెదడును ముక్కుదారిన తీసి, గుండెను మాత్రం యథాస్థానంలో ఉంచి భద్రపరచిన ప్రయత్నమంతా వారి ఎండదేశపు ఇసుకను నమ్ముకొని చేసినదే; నాంపల్లి శ్రావణమాసాన్ని వారు ఊహించలేదు. 2016లో బొంబాయి ప్రదర్శనశాలకు చెందిన సంరక్షణ నిపుణుడు అనుపమ్ సాహ్ పర్యవేక్షణలో దేహాన్ని పరీక్షించినారు. ఎక్సురేలు, సి.టి. స్కానులు తీసినారు. కట్టు ఒక్కటైనా విప్పకుండా, సుత్తి, ఉలి ముట్టకుండా లోపలి అస్థిపంజరాన్ని తెరపై చూడగలిగినారు. పెట్టిగ్రూ ఉపన్యాసశాలకు, ఈ స్కాను గదికి నడుమ నూటయెనభై ఏండ్ల పైచిలుకు గడచినవి. సడలిన కట్లను స్థిరపరచినారు. తరువాత ప్రాణవాయువు లేకుండా చేసి నైట్రొజన్ నింపిన పేటికలో ఉంచే ఏర్పాటు జరిగినది. పేటికలో గాలి లేకుంటే పురుగు, బూజు బ్రతకవు; ఇంత సాదా సూత్రం అది.

ఈజిప్టులోనూ ఈ మధ్యకాలంలో వేడుక, మర్యాద అనే రెంటినీ వేరుచేసే ప్రయత్నం జరిగినది. 1976లో రెండవ రామ్సెస్ దేహానికి బూజు పట్టగా, చికిత్సకు పారిసు పంపినారు. విమానాశ్రయంలో రాజలాంఛనాలతో స్వాగతం లభించినది. 1980లో అధ్యక్షుడు అన్వర్ సాదాత్, పూర్వ రాజుల దేహాలను యాత్రికుల కనుల ముందు ఉంచడం తగదని, కైరో ప్రదర్శనశాలలో ఆ గదిని మూయించినాడు. 1994లో మళ్ళీ తెరిచినారు. 2021 ఏప్రిల్ 3న ఇరవైరెండు రాజదేహాలను, పద్దెనిమిది మంది రాజులను, నలుగురు రాణులను, నైట్రొజన్ నింపిన పేటికలలో పెట్టి, బంగారు రథాల వంటి బండ్లపై కొత్త ప్రదర్శనశాలకు ఊరేగించినారు. ఇరవై యొక్క తుపాకుల వందనం జరిగినది. ప్రపంచం అంతా దూరదర్శనులో చూచినది. ఇది మర్యాదా, వేడుకా అని అడిగితే రెండూను అని మేము అంటాము. ఆ రెంటినీ పూర్తిగా విడదీయడం బహుశా ఎవరికీ సాధ్యం కాదు. పల్లెవారు 1881లో ఏడ్చినదీ ఒక విధమైన ఊరేగింపునకే. కాని వారికి తెలిసినది ఒకటి: తాము చూస్తున్నది మనిషినని.

ప్రాచీన ఈజిప్టువారు మనిషికి దేహం, నీడ, ఆత్మ వంటి పలు భాగాలున్నట్లే పేరు కూడ ఒక భాగమని నమ్మినారు. సమాధి గోడలమీద, దారిన పోయేవారలారా, నా పేరు పలికి, ఇంత అన్నం, ఇంత పానీయం అందవలెనని కోరండి అన్న భావంతో వేడుకోళ్ళు చెక్కించుకొన్నారు. పలికినవారికి కాస్త ఊపిరి తప్ప ఖర్చు లేదు. ఎవరి పేరైనా చెరిపివేస్తే వారిని రెండవసారి చంపినట్లే అనుకొన్నారు. తప్పు పేరు, తప్పు తండ్రి తగిలించినా అంతకంటె తక్కువ కీడు కాదేమో. ప్రదర్శనశాలవారు వినగోరిన యెడల, ఆ పేటిక ముందు ఉంచవలసిన చీటీ పొట్టిదే చాలును: ఒక స్త్రీ. ఈజిప్టు దేశం. క్రీ.పూ. 300 – 100. హైదరాబాదుకు 1920లో వచ్చినది. నైషు అని పిలుస్తున్నాము.